వెయ్యో రోజు పిలుపు

వీడియోలో నానమ్మ భలే కుదిరింది. వంటింటి గడప దగ్గర చిన్న పీట వేసుక్కూచుని, ఎర్ర ఉల్లిపాయలు తరుగుతూ, కెమెరా వంక కన్నెత్తి చూడకుండా, ఎప్పటి దబాయింపు గొంతుతోనే చెప్పింది.

"మా వీధిలో పెళ్ళయినా చావైనా ఏ ఇల్లాలూ ఒక్కత్తే పొయ్యి రాజేసుకోదు. ఎవరి కత్తి వాళ్ళం చేతపట్టుకుని పోతాం. రేవాంగ్ అంటే అదే. ఎవ్వర్నీ ఒంటరిగా వదిలెయ్యం. వదిలేస్తే ఇంక మనుషులమేంటి?"

క్లాసంతా చప్పట్లు కొట్టింది. వెనక బెంచీలోంచి ఓ ఈల కూడా పడింది. ఆ వీడియో తీసిన వెనింగ్ మొహం చాటంత అయింది. సోషియాలజీ సారు విదాద, 'మారుతున్న మన అలవాట్లు' అని ప్రాజెక్టు ఇచ్చిన దగ్గర్నుంచీ ఆ పిల్ల ఫోను పట్టుకుని వీధంతా తిరుగుతూనే ఉంది. మా వీధి కుక్కల్ని కూడా వదల్లేదు.

"మీ నానమ్మగారిని టీవీలో పెట్టొచ్చు," అన్నాడు విదాద సారు. "సరే, ఇప్పుడు చెప్పండి. ఈ అలవాటు ఉండాలా, పోవాలా?"

"పోవాలి సార్," అని హనుంగ్ లేచాడు. వాళ్ళమ్మకి బజార్లో భోజనాల డబ్బాలు సరఫరా చేసే వ్యాపారం ఉంది. "ఇప్పుడెవరికి తీరిక సార్? ఫోన్ కొడితే డబ్బాలు ఇంటికొస్తాయి. తిన్నామా, చెయ్యి కడుక్కున్నామా, అయిపోయింది. పొగలో కూచుని పక్కింటోళ్ళ సంగతులు చెప్పుకోడానికి తప్ప ఈ రేవాంగ్ దేనికి?"

"మీ అమ్మకి ఆర్డర్లు పెరగాలని చెప్పరాదూ!" అని ఎవరో అన్నారు. అందరూ నవ్వారు. హనుంగ్ కూడా నవ్వాడు. వాడికి సిగ్గూ ఎగ్గూ తక్కువ, మనసు మాత్రం మంచిది.

"నేను వేరే చెప్తా సార్," అంది వెనింగ్. "కలిసి వండుకోవడం బావుంటుంది, కాదన్ను. కానీ ఉల్లిపాయలన్నీ ఆడవాళ్ళే ఎందుకు తరగాలి? మగాళ్ళు చాపలమీద కూచుని సిగరెట్లు కాలుస్తారు. జీతం లేని చాకిరీకి పరస్పర సాయం అని పేరు పెట్టి మెచ్చుకుంటున్నాం. నాకైతే అలాగే అనిపిస్తోంది."

మగపిల్లలు 'ఓ...' అని అరిచారు. ఆడపిల్లలు బల్లలు చరిచారు. ఆ గోలలో సెకార్ లేచి నిలబడింది. వెనింగ్ పక్క సీటు ఆ పిల్లదే. ఇద్దరిదీ ఒకే వీధి, చిన్నప్పట్నుంచీ ఒకే సైకిలు.

"సార్, బాత్రూంకి," అంది. సారు తలూపేలోపే బయటికెళ్ళిపోయింది. గంట కొట్టేదాకా తిరిగి రాలేదు.

వెనింగ్ వెతుక్కుంటూ వెళితే క్యాంటీన్ వెనక మెట్లమీద కనిపించింది. వెనింగ్ చేతిలో చిలోక్ అనే వేడి వేడి పిండి ఉండల పొట్లం ఉంది. పుల్లకి ఓ ఉండ గుచ్చి అందించింది. సెకార్ తీసుకోలేదు.

"ఏమైందే? నా మాటలకి కోపమొచ్చిందా?"

"నీ మాటలకి కాదు. మీ నానమ్మగారు అబద్ధమాడారు. ఎవ్వర్నీ ఒంటరిగా వదలరట! మా నాన్న పోయి శనివారానికి వెయ్యో రోజు. వీధిలో ఒక్కరంటే ఒక్కరు వస్తామనలేదు."

వెనింగ్ పుల్ల తిరిగి పొట్లంలో పెట్టేసి, పక్కన మెట్టుమీద కూచుంది.

జరిగింది ఇదీ. సెకార్ అమ్మ రహాయు చొక్కాలు కుట్టే ఫ్యాక్టరీలో పని చేస్తుంది. ఇప్పుడు ఎగుమతి సరుకు వెళ్ళే వారం, శనివారాలు కూడా పనే. ఇంటింటికీ వెళ్ళి పిలిచే తీరిక లేక, వీధి ఆడవాళ్ళ వాట్సాప్ గ్రూపులో పిలుపు పెట్టేసింది: 'ఫలానా శనివారం మా ఇంటాయన వెయ్యో రోజు, సాయంత్రం మగ్రిబ్ నమాజు అయ్యాక ప్రార్థన, అందరూ దయచేయండి, వంటకి ఎవరూ శ్రమపడక్కర్లేదు, డబ్బాలు చెప్పాను.' అందరూ చూశారు. ఒక్కరు జవాబివ్వలేదు. చేతులు జోడించిన బొమ్మ కూడా పెట్టలేదు. ఆ తర్వాత అదే గ్రూపులో గ్యాసు బండ వచ్చిందా, రాలేదా అని మాత్రం బోలెడు కబుర్లు నడిచాయి.

"ఆడవాళ్ళు రాని ఇంటికి మగాళ్ళు మాత్రం వస్తారా?" అంది సెకార్. "ఏడో రోజు, నలభయ్యో రోజు, నూరో రోజు, ఏడాది, రెండో ఏడాది అన్నీ అయిపోయాయి. ఇదే ఆఖరిది. దీని తర్వాత నాన్నకంటూ ఇంక ఏ రోజూ ఉండదు. చాపలు పరుస్తాను, డబ్బాలు పేరుస్తాను. ఎవరూ రాకపోతే, కూర్చోని చాపల్ని నేనెలా చుట్టి లోపల పెట్టాలే?"

ఆ పిల్ల ఏడవలేదు. గోరుతో మెట్టు పగులులో మట్టి గీకుతూ ఉండిపోయింది. వెనింగ్‌కి ఒళ్ళు మండింది.

ఆ మంటతోనే ఇంటికొచ్చింది. నానమ్మ వాకిట్లో చేటలో మిరపకాయలు ముచ్చికలు తీస్తోంది. మా వీధిలో ఈ నానమ్మ, వర్సిని ముసలమ్మ అంటే వంటశాలకి దొరసాని. ఎవరింట్లో కార్యమైనా ఆవిడ అడుగుపెట్టి, ఏ పొయ్యిమీద ఏ గిన్నె ఎక్కాలో చెప్పాకే పని మొదలవుతుంది. ఆవిడ వెళ్ళని ఇంటికి మిగతావాళ్ళు వెళ్ళరు.

"నానమ్మా, సెకార్ వాళ్ళింటికి శనివారం ఎందుకెళ్ళట్లేదు?"

"ఎవరు పిలిచారని?"

"గ్రూపులో పెట్టారుగా!"

"ఫోనులో పిలుపు వస్తే ఫోన్నే పంపిస్తాను. అది వెళ్ళి కూచుంటుంది." నానమ్మ చేట ఎగరేసింది. "గ్యాసు బండ వచ్చిందని చెప్పుకునే చోట చచ్చిపోయిన మనిషి పేరు పెడతారటే? కాళ్ళు లేవా? మాకు నోళ్ళు లేవా, జవాబు చెప్పడానికి?"

"ఆవిడకి తీరిక లేదు నానమ్మా. ఫ్యాక్టరీ."

"మాకు మాత్రం ఉందా? ఆ మనిషి పోయినప్పుడు నీకు గుర్తుందో లేదో. ఏడు రోజులూ నేనూ మన వీధి తార్మీ ఆ ఇంటి పొయ్యి దగ్గరే పడి ఉన్నాం. నలభయ్యో రోజుకి మళ్ళీ వెళ్ళాం. ఆ తర్వాత ఈ వీధిలో ఎన్ని కార్యాలు కాలేదు? రహాయు ఒక్కచోటికి వచ్చిందా? వచ్చినా చీకటిపడ్డాక తొంగిచూసి, 'అలసిపోయానత్తా' అని వెళ్ళిపోయింది. ఇప్పుడేమో డబ్బాలు చెప్పాను, మీరు శ్రమపడొద్దు అంటుంది. మా చేతుల వంట అవసరం లేని ఇంటికి మేమెందుకే?"

"వీడియోలో ఎవ్వర్నీ ఒంటరిగా వదలం అన్నావుగా!"

నానమ్మ చెయ్యి ఒక్క క్షణం ఆగింది. "పిలిస్తే వదలం," అంది. మళ్ళీ మిరపకాయల్లో పడింది.

మర్నాడు బడినుంచి వస్తూ వెనింగ్ సైకిలు ఆపేసింది.

"పిలుపు నోటితో రావాలి, నడిచి రావాలి. అంతేగా? అయితే మనం నడుద్దాం. నువ్వూ నేనూ."

"అమ్మ వద్దంది," అంది సెకార్. "ఎవర్నీ పిలవక్కర్లేదు, వచ్చినవాళ్ళు వస్తారు, డబ్బాలు చాలు అంది."

"తిరగడానికి తీరిక లేక అని ఉంటుంది. మనకి ఉందిగా."

"అంతేనేమో," అంది సెకార్.

గురువారం ఆ ఇద్దరూ మా వీధిలో నడిచిన నడక నేను కళ్ళారా చూశాను. బడి బతిక్ అద్దకం చొక్కాలు, కింద తెల్ల సాక్సులు, మొహాలు మాత్రం పరీక్షకి వెళ్తున్నట్టు. పెద్దలతో మాట్లాడే మర్యాద భాషలో చెప్పాల్సిన మాటలు దారంతా వల్లెవేసుకుంటూ వచ్చారు. ఈ కాలం పిల్లలకి ఆ భాష నోట్లో గులకరాళ్ళే.

పిలుపులు వీధిలో అందరికంటే పెద్దావిడతో మొదలుపెట్టాలి. అంటే వర్సిని ముసలమ్మతో. అంటే వెనింగ్ సొంత ఇంటితో.

రోజూ బూట్లు ఒకటి ఇటూ ఒకటి అటూ విసిరేసి తిన్నగా ఫ్రిజ్ దగ్గరికి పరిగెత్తే పిల్ల, ఆ పూట గుమ్మం బయటే ఆగి, బూట్లు జతగా పెట్టి, చేతులు ముందుకి కట్టుకుని నిలబడింది.

"లోపలికి రావచ్చాండీ?"

నానమ్మ కిటికీలోంచి చూసింది. నవ్వలేదు. లోపలికి వెళ్ళి ఉతికిన రవిక తొడుక్కుని, జుట్టు ముడేసుకుని వచ్చింది. మంచి చాప తీసి పరిచింది. "దయచెయ్యండి," అంది. మూతలున్న గాజు గ్లాసుల్లో టీ తెచ్చి పెట్టింది. అవి అతిథులకే తీసే గ్లాసులు. పుట్టి బుద్ధెరిగాక వెనింగ్ వాటిల్లో తాగి ఎరగదు.

సెకార్ మోకాళ్ళు ముడుచుకుని కూర్చుని తల వంచింది. మొదటి రెండు ముక్కలూ బాగానే వచ్చాయి. తర్వాతవి తడబడ్డాయి.

"మామ్మగారూ... శనివారం మా నాన్నగారికి వెయ్యో రోజండీ. అమ్మ డ్యూటీలో ఉంది, అమ్మ బదులు నేనొచ్చాను. తప్పయితే క్షమించండి. మీరొచ్చి... మాకు ఎలా చెయ్యాలో చెప్పాలి. నాకేం తెలీదు."

చివరి మాటలు పెద్దల భాషలో లేవు. మామూలు మాటల్లోనే జారిపోయాయి. నానమ్మ పట్టించుకోలేదు.

"ఈమె ఎవరు, తోడొచ్చినావిడ?" అని వెనింగ్ వైపు చూసింది.

"స్నేహితురాలినండీ," అంది వెనింగ్. నవ్వాలో ఏడవాలో తెలీలేదు.

"మంచిది. మాట విన్నాం. చూస్తాం," అంది నానమ్మ. వాళ్ళు లేస్తుంటే, "ఆ స్నేహితురాలికి కాళ్ళు ముడుచుకుని కూచోడం ఎవరైనా నేర్పితే బావుణ్ణు. కప్పలా కూచుంది," అని చేర్చింది.

మిగతా ఇళ్ళలో కూడా అదే జవాబు. చూస్తాం. తార్మి ఒక్కత్తే సెకార్ గడ్డం పట్టుకుని, "ఎంత పెద్దదానివయ్యావే," అంది. అంతకు మించి ఆవిడా మాటివ్వలేదు.

ఆ సాయంత్రం నానమ్మ బియ్యం నానబోసింది. "ఎందుకు?" అని వెనింగ్ అడిగితే, "నా ఇల్లు, నా బియ్యం. నీకు లెక్క చెప్పాలా?" అంది.

శనివారం రహాయు తెల్లారకుండానే డ్యూటీకి వెళ్ళిపోయింది. సెకార్ ఇల్లు కడిగి, కుర్చీలు బయట వేసి, చాపలు దులిపి వంటింట్లో కూచుంది. వెనింగ్ వచ్చి పక్కన కూచుంది. నీళ్ళు కాగుతున్నాయి. ఎవరికోసం కాస్తున్నారో ఇద్దరికీ తెలీదు. ఎండ వాకిట్లోంచి గుమ్మం దాకా వచ్చింది. వీధిలో ఏ చెప్పుల చప్పుడైనా ఇద్దరూ తలెత్తేవాళ్ళు. అది ముందుకు వెళ్ళిపోయేది. మళ్ళీ తలలు దించేవాళ్ళు.

"పోనీలేవే," అంది సెకార్ చివరికి. "నువ్వొచ్చావు. చాలు."

అప్పుడే గుమ్మంలో తార్మి కనబడింది. చేతిలో కొబ్బరి కోరాం. ఆవిడ వెనక ఇంకో ఇద్దరు, వాళ్ళ వెనక మరో నలుగురు. ఎవరి కత్తి వాళ్ళ చేతిలో, ఎవరి తరుగుడు పలక వాళ్ళ చంకలో. ఆఖర్న వర్సిని ముసలమ్మ, నడుమున మట్టి పెనం, చేతిలో మూతేసిన పిండి బకెట్టు.

"డబ్బాల్లో అప్పాలు వస్తాయా?" అంది గుమ్మంలోంచే.

"రావు మామ్మగారూ."

"మరి అప్పాలు లేకుండా వెయ్యో రోజేంటి? పొయ్యి ఏదీ? ఇదా? దీనిమీద పిల్లి కూడా వెచ్చగా పడుకోదు. ఆ ఇటుకలు ఇటు లాగండి."

ఇంక ఆ ఇల్లు ఇల్లులా లేదు. ఒకరు కొబ్బరి కోరుతున్నారు, ఒకరు అరటాకులు మంటమీద వాడ్చి తుడుస్తున్నారు, ఇంకొకరు చక్రకేళీ లాంటి లావు పళ్ళు కోసి బెల్లం పాకంలో వేస్తున్నారు. నానమ్మ పిండిని అరచేత్తో ఎత్తి ఎత్తి కొట్టింది. టప్ టప్ మని వీధి చివరికి వినబడింది. పెనం వేడెక్కాక గరిటెడు పోసి, మట్టి మూత పెట్టి, చెవి దగ్గరపెట్టి వింది. చుయ్ మనడం ఆగాక తీసింది. అంచులు గోధుమరంగు, నడుమ బొక్కలు బొక్కలుగా తెలుపు. మొదటి అప్పం సెకార్ చేతిలో పెట్టింది. "మీ నాన్నకి. గూట్లో పెట్టు," అంది. ఆ పిల్ల అప్పుడు ఏడ్చింది.

మధ్యాహ్నానికి హనుంగ్ డబ్బాలు తెచ్చాడు. ఆడవాళ్ళు ఒకటి విప్పి తలా కొంచెం రుచి చూశారు. "ఉప్పు తక్కువ," అంది తార్మి. "కోడి మాత్రం బావుంది," అంది ఇంకొకావిడ. నానమ్మ వాణ్ణి ఎగాదిగా చూసి, "డబ్బాలిచ్చేసి పోదామనుకున్నావా? ఆ కొబ్బరిపాలు పిండు," అంది. హనుంగ్ చేతులు మోచేతుల దాకా గిన్నెలో ముంచి, "చూశావా, మగాళ్ళు పని చెయ్యరన్నావు," అని వెనింగ్‌ని దెప్పాడు. వెనింగ్ పొంగిపోయింది. ఇలాంటి రోజు క్లాసులో ఎవడైనా చూపించగలడా అనుకుంది. అంతా తన తెలివే అనుకుంది.

పొద్దు వాలుతుండగా రహాయు మోటారుసైకిలు ఆగింది.

ఆవిడ గుమ్మం ముందు బారుగా ఉన్న చెప్పుల్ని చూస్తూ అలాగే నిలబడిపోయింది. నీలం యూనిఫాం, మెడలో ఫ్యాక్టరీ కార్డు, నుదుటిమీద జుట్టుకి పెట్టుకునే టోపీ నొక్కిన గీత, చూపుడు వేలికి ప్లాస్టరు. సంతోషంగా ఎదురెళ్ళిన ఆడపిల్లలిద్దరి రెక్కలూ పట్టుకుని దొడ్లో కుళాయి దగ్గరికి తీసుకుపోయింది.

"ఎవరు పిలిచారు వీళ్ళని?"

"మేమే అమ్మా. ఇంటింటికీ వెళ్ళి..."

"నేను వద్దన్నానా, లేదా?"

"నీకు తీరిక లేదని వద్దన్నావనుకున్నాం."

"తీరిక లేకే వద్దన్నాను!" ఆవిడ గొంతు పెంచలేదు. అరిచినా బావుండేది. "వీళ్ళంతా ఇవాళ నా ఇంట్లో పొద్దుట్నుంచీ పొగలో కూచున్నారు. బుధవారం తార్మక్క కూతురికి ఏడో నెల వేడుక. నేను వెళ్ళాలా వద్దా? ఆ పైవారం ఇంకొకరిది. ఒక పూట మానితే అక్కడ నా మిషను ఇంకొకరికిస్తారు. మానకపోతే ఇక్కడ నా మొహం చెల్లదు. మూడేళ్ళుగా ఇదే. డబ్బాలు గొప్పకి చెప్పాననుకున్నారా? తిరిగి చెయ్యలేని సాయం తీసుకోకూడదని చెప్పాను. ఎవరూ రాకపోతే ఒక్క రోజు ఏడ్చేదాన్ని. ఇప్పుడు వీళ్ళు వచ్చారు. నేనేం చేసి తీర్చను? చెప్పండి, చదువుకుంటున్నారుగా."

జీతం లేని చాకిరీ అని వెనింగ్ క్లాసులో అంత గొంతేసుకుని మాట్లాడింది. ఆ మాటలో రహాయు అత్త ఎక్కడా లేదు. పక్కింటి మనిషి. రోజూ చూసే మనిషి. చెంప ఛెళ్ళుమన్నట్టయింది.

కుళాయి అవతల ఆకులు కడుగుతూ నానమ్మ ఉందని అప్పుడు చూశారు. ఎంతసేపట్నుంచి ఉందో తెలీదు. ఆకులు దులిపి నిలబడి, "రహాయూ, మొహం కడుక్కుని లోపలికి రామ్మా," అంది. అంతే.

రహాయు లోపలికెళ్ళి ఒక్కొక్కరి చేతులూ పట్టుకుని పలకరించింది. నవ్వింది. యూనిఫాం కూడా మార్చుకోకుండా కత్తి తీసుకుని పచ్చిమిరపకాయలు తరగడానికి కూచుంది. ఎవరూ ఆవిణ్ణి ఏమీ అనలేదు. ఆవిడే, "ఆలస్యమైపోయింది, క్షమించాలి," అని ప్రతివాళ్ళకీ చెప్పింది.

మగ్రిబ్ అయ్యాక మగవాళ్ళు వచ్చారు. ముందు ఇద్దరు ముగ్గురు, తర్వాత గుంపుగా. చాపలు నిండిపోయి, వెనకొచ్చినవాళ్ళు గోడ వారన సర్దుకున్నారు. సెకార్ గుమ్మం పక్కన తెర చాటున నిలబడి, తండ్రి పేరు ఇమాం నోట వినబడ్డప్పుడల్లా పెదాలు కదుపుతోంది. ప్రార్థన ఒక ఒరవడిలో పడింది.

వంటింట్లో ఆడవాళ్ళు పళ్ళేల్లో అప్పాలూ, జిగురు బియ్యం ముద్దలూ సర్దుతున్నారు. వెనింగ్ పళ్ళెం అందుకోబోతూ ఆగింది. రహాయు పొయ్యి వెనక బియ్యం బస్తాకి చేరగిలబడి నిద్రపోతోంది. కత్తి ఇంకా చేతిలోనే ఉంది. నోరు కొంచెం తెరుచుకుంది. మొగుడి వెయ్యో రోజు ప్రార్థన గోడకి అవతల నడుస్తోంది, ఆవిడకి ఏమీ వినబడటం లేదు.

నానమ్మ మెల్లిగా ఆ వేళ్ళు విప్పి కత్తి తీసి పక్కన పెట్టింది. పీట జరుపుకుని, గుమ్మంలోంచి చూసేవాళ్ళకి రహాయు కనబడకుండా అడ్డంగా కూచుంది.

వీధి పెద్ద భార్య తల లోపలికి పెట్టింది. "రహాయు ఏదీ? ఇంటావిడ మొహమే కనబళ్ళేదు?"

"నేనే ఆకులకి పంపాను," అంది నానమ్మ. "ఇందాకటిదాకా ఇక్కడే పని చేస్తోంది. నువ్వెళ్ళి కూచో."

ఆవిడ వెళ్ళిపోయింది. ఎవరు ఏ కార్యానికొచ్చారో, ఎవరు ఎగ్గొట్టారో ఏళ్ళ తర్వాత కూడా మొహమ్మీద చెప్పే వర్సిని ముసలమ్మ, అందరి ముందూ, తడుముకోకుండా అబద్ధమాడింది. వెనింగ్ నానమ్మ వంక చూస్తూ ఉండిపోయింది.

నానమ్మ పెనంమీద గరిటెడు పిండి పోసి మూత పెట్టింది. ఎవరి వంకా చూడకుండా, గొంతు తగ్గించి అంది.

"వచ్చే బుధవారం తార్మి ఇంటికి రహాయు వచ్చింది. పొద్దున్నే వచ్చింది. ఎవరడిగినా ఇదే మాట."

ఆడవాళ్ళు ఒకరి మొహాలు ఒకరు చూసుకున్నారు. వేడుక తార్మిది. వచ్చిందనాలన్నా, రాలేదనాలన్నా ఆవిడే అనాలి. తార్మి కొబ్బరి చిప్ప ఒడిలో పెట్టుకుంది. బస్తాకి ఆనుకుని పడుకున్న మనిషిని ఓసారి చూసింది.

"వచ్చింది," అంది. "కొబ్బరంతా తనే కోరింది."